అర్థమైనవారికి అప్పు లేదు

మంగతాయారు ఫ్యాను కింద పడుకోదు, ఊడి మీద పడుతుందని. అన్నవరం కొండ బస్సెక్కితే డ్రైవరుకి ముందురోజు సరిగ్గా నిద్రపట్టిందో లేదో కనుక్కునిగాని సీట్లో కూర్చోదు. కొడుకు శేషుబాబు రక్తపరీక్షల ల్యాబునుంచి పావుగంట ఆలస్యంగా వస్తే, పొయ్యి మీది పప్పు వదిలేసి వీధిగుమ్మంలో నిలబడి, పోయే అంబులెన్సులన్నిట్లోకీ తొంగిచూస్తుంది. ఇటువంటి మనిషి తన గాజుల జత అమ్మి, వచ్చిన రెండు లక్షలూ ఒక బిల్డరు చేతిలో పోసి, కాగితం ముక్క పుచ్చుకుని ఇంటికొచ్చిందంటే దానికి కారణం ఒక మేకు.

ఆరేళ్లుగా వాళ్లుంటున్న అద్దె ఇంట్లో గోడకి మేకు కొట్టకూడదు. ఒప్పందంలో ఆ మాట అద్దెకన్నా పైన రాసి ఉంది. అందుచేత పోయిన ఆమె భర్త ఫోటో ఆరేళ్లుగా ఫ్రిజ్ మీద నిలబడి ఉంది. ఎవరైనా తలుపు గట్టిగా తీస్తే ఆయన ముందుకు పడతాడు. బతికున్నప్పుడు ఎవరి ముందూ పడని మనిషి, మజ్జిగ గిన్నె కోసం రోజుకి నాలుగుసార్లు బోర్లా పడడం మంగతాయారు చూడలేకపోయింది.

సర్పవరం వైపు రెండు పడగ్గదుల ఫ్లాటు కుదిరింది. ముప్పై ఎనిమిది లక్షలు. శేషుబాబూ, బడిలో పాఠాలు చెప్పే కోడలు ప్రసూనా చీటీలు పాడి, పీఎఫ్ తీసి ఆరు లక్షలు సిద్ధం చేశారు. గాజుల రెండు లక్షలు అడ్వాన్సు కింద ముందే వెళ్లాయి. మిగతా ముప్పై లక్షలకి బ్యాంకు. కార్తీక పౌర్ణమి లోపల బ్యాంకు కాగితం తేకపోతే అడ్వాన్సు మరిచిపోవాలని బిల్డరు నవ్వుతూ చెప్పాడు. నవ్వుతూ చెప్పేవాళ్లే చేస్తారని మంగతాయారు నమ్మకం.

సరిగ్గా అప్పుడే సర్వహిత గృహరుణ బ్యాంకుకి జ్ఞానోదయమైంది.

ఎక్కడో ఎవరో అప్పు తీసుకున్నాయన, పన్నెండేళ్లు కట్టాక లెక్క చూసుకుని, ఇది నాకు ముందెవరూ చెప్పలేదని బ్యాంకు మెట్ల మీద కూర్చుని ఏడ్చాడట. ఆ ఏడుపు పేపర్లో ఫోటోతో సహా పడింది. పై ఆఫీసువాళ్లు ఆయన ఏడుపు ఆపే మార్గమేదీ చూడలేదు గాని, ఇకమీదట ఏడవవలసినవాళ్లంతా ముందుగానే ఏడిచేసేలా ఒక సర్క్యులరు వేశారు. ఇంటి అప్పు అసలు ఖర్చు దీర్ఘకాలంలో ఎంతో సంపూర్ణంగా అర్థమైనదాకా ఎవరికీ అప్పు ఇవ్వరాదు. అర్థమైందీ లేనిదీ తేల్చడానికి ప్రతి శాఖలోనూ ఒక అవగాహనాధికారి ఉండవలెను. కాకినాడ శాఖలో ఆ కుర్చీ త్రినాథరావుకి దక్కింది. అంతకుముందు ఆయన చెక్కుబుక్కులు చూసేవాడు.

శేషుబాబు పరీక్షకి చదివినట్టు చదివి వెళ్లాడు. ముప్పై లక్షలు, తొమ్మిది శాతం, ఇరవై అయిదేళ్లు. నెలకి ఇరవై అయిదువేల నూట డెబ్బై ఆరు. ఆఖరికి కట్టేది డెబ్బై అయిదున్నర లక్షలు. మొదటి నెల కట్టేదాంట్లో ఇరవై రెండువేల అయిదువందలు వడ్డీకే పోయి, అసలు తీరేది రెండువేల ఆరువందల డెబ్బై ఆరు. పదేళ్లపాటు ముప్పై లక్షలు కట్టేశాక కూడా ఇంకా పాతిక లక్షలకి కాస్త తక్కువ బాకీ. ఎక్కాలు అప్పజెప్పినట్టు అప్పజెప్పి, ప్రసూన వైపు చూసి నవ్వి, సంచిలోంచి కాజాల పెట్టె తీసి బల్లమీద పెట్టాడు. కాకినాడలో శుభకార్యం ఏదైనా కాజాతోనే మొదలవుతుంది. అదే కొంప ముంచింది.

త్రినాథరావు పెట్టె మూత తీయలేదు. పెన్ను మూత తీశాడు. అభ్యర్థి మధురపదార్థములతో హాజరైనాడు అని రాసుకున్నాడు.

"డెబ్బై అయిదు లక్షలు కట్టాలని అర్థమైనవాడు కాజాలు కొనడండీ. మీకు తెలిసింది, అంతే. తెలియడం వేరు, అర్థం కావడం వేరు" అన్నాడు.

ఆ తేడా ఎలా పట్టుకుంటారని ప్రసూన అడిగింది. సర్క్యులరు వెనక అనుబంధం 'గ' చూపించాడు. అవగాహన కలిగిన వ్యక్తియందు కనిపించు లక్షణములు నాలుగు. ఆకలి మందగించుట. నిద్రపట్టకుండుట. కారణము లేకుండా గోడవైపు చూచుట. ఎందుకొచ్చిన గొడవ అని తనలో తాను అనుకొనుట. వీటిలో కనీసం మూడింటికి ఆధారాలు జతపరచవలెను.

మళ్లీ వెళ్లినప్పుడు శేషుబాబు గడ్డం గీసుకోలేదు, పొద్దుటినుంచి ఏమీ తినలేదు. ఆకలి లేనట్టు రుజువుగా రక్తపరీక్ష రిపోర్టు కూడా పట్టుకెళ్లాడు. అది అతను పనిచేసే ల్యాబుదే. అభ్యర్థి తన రక్తమును తానే పరీక్షించుకొనుట చెల్లదని త్రినాథరావు దాన్ని పక్కన పెట్టాడు. గోడవైపు చూడమంటే శేషుబాబు చూశాడు గాని, ఆ గోడమీద బ్యాంకువాళ్ల కేలండరు ఉండడంవల్ల అది కారణము లేకుండా చూచుట కింద రాలేదు.

ఆ రోజు మంగతాయారు కూడా వెంట వెళ్లింది. ఏమీ తినకుండా బండి నడిపితే కళ్లు తిరిగి లారీ కింద పడతాడని ఆమె భయం. ఒళ్లో క్యారియరు పెట్టుకుని, ఫ్యానుకి దూరంగా కుర్చీ జరుపుకుని కూర్చుంది. వాళ్లిద్దరి మాటలూ కాసేపు విని, ఊరికే ఉండలేక ఒక్కొక్కటీ అడగడం మొదలుపెట్టింది. ల్యాబు మూసేస్తే ఏమిటి. మొగుడికీ పెళ్లానికీ ఒకే నెలలో జబ్బుచేస్తే ఏమిటి. బిల్డింగు పక్కకి ఒరిగితే అప్పు కూడా కాస్త ఒరుగుతుందా, నిటారుగానే ఉంటుందా. పైవాళ్ల బాత్రూము మా నెత్తిన కారితే ఆ నెల వడ్డీ తగ్గిస్తారా. త్రినాథరావు మొదట్లో ముక్తసరిగా జవాబిచ్చాడు. తర్వాత పెన్ను కింద పెట్టాడు.

"ఈ తొమ్మిది శాతం ఆఖరిదాకా తొమ్మిదే ఉంటుందా బాబూ?"

ఉండదనీ, మారుతూ ఉంటుందనీ, తగ్గుటకు కూడా నిబంధనల ప్రకారం అవకాశం కలదనీ ఆయన చెప్పాడు. చివరి మాట దేవుడి మహిమ గురించి చెప్పినట్టు చెప్పాడు. ఒక్క శాతం పెరిగితే ఎలాగని ఆమె అడిగింది. నెలనెలా కట్టేది పెంచబోమనీ, కస్టమరు మహాశయులకు ఇబ్బంది కలగకూడదన్న ఉద్దేశంతో గడువు మాత్రమే పొడిగిస్తామనీ అన్నాడు.

ఎంత పొడిగిస్తారంది. ఇంతవరకు ఆ మాట ఎవరూ అడగలేదు. ఆయన కంప్యూటరులో వేసి చూశాడు. చూసి, మిషను పాడైందనుకుని మళ్లీ వేశాడు. ఇరవై అయిదేళ్ల అప్పు నలభై తొమ్మిదేళ్ల పది నెలలు అయింది.

మంగతాయారు వేళ్లు మడిచి లెక్కపెట్టుకుంది.

"మావాడికి ముప్పై మూడు. ఎనభై మూడేళ్ల వయసులో వీడు మీ బ్యాంకుకొచ్చి ఆఖరి కిస్తీ కట్టాలి. మీ బ్యాంకు ముందున్న జంక్షను దగ్గర అప్పటికి రోడ్డు దాటగలడంటారా బాబూ?"

త్రినాథరావుకి కూడా ఇంటి అప్పు ఉంది. స్టాఫు రేటే గాని, అప్పు అప్పే. ఆయన కేలండరు లేని గోడవైపు చాలాసేపు చూశాడు. తర్వాత లేచి నిలబడి, ఇటువంటి అవగాహన జిల్లాలో ఇంకెక్కడా తారసపడలేదనీ, అమ్మగారిని తక్షణమే సహ దరఖాస్తుదారుగా చేర్చి నూటికి నూరు మార్కులు వేస్తున్నాననీ ప్రకటించాడు. శేషుబాబు తల్లి చెయ్యి పట్టుకున్నాడు. ఇంకొక్క పేజీయే మిగిలింది. అందులో ఒకటే ప్రశ్న. పైవన్నియు సంపూర్ణంగా అర్థమైన మీదట మీకు ఈ రుణము కావలెనా?

మంగతాయారుకి అబద్ధం చేతకాదు. అబద్ధమాడితే ఆ రోజే ఇంట్లో ఎవరికో జ్వరం వస్తుందని ఆమె అనుభవం.

"రామ రామ, ఇంత తెలిశాక ఎవరు తీసుకుంటారు బాబూ" అంది.

అదే సరైన జవాబు. త్రినాథరావు ఫైలు మీద 'అవగాహన సంపూర్ణం, రుణం అనవసరం' అని రాసి ముద్ర వేశాడు. తనకి కావాలని శేషుబాబు మొత్తుకున్నాడు. దానికీ ఒక నిబంధన ఉంది. అర్థమైన పిమ్మట కూడా రుణము కోరువారు అర్థము కానివారుగా భావింపబడుదురు. అర్థము కానివారికి రుణము ఇవ్వబడదు. శేషుబాబు ఆ రెండు వాక్యాలూ మూడుసార్లు చదివి, ఎక్కణ్ణుంచి బయటికి రావాలో తెలియక, తలుపులోంచి వచ్చేశాడు.

ఇంటికొచ్చాక ప్రసూన కంచాలు పెడుతూ తేల్చేసింది. "అత్తయ్యగారికి నూటికి నూరు వచ్చాయి, మనకి ఫ్లాటు రాలేదు. ఒకింటికి ఒక్క సంతోషం చాలు లెండి." మంగతాయారు మజ్జిగ కోసం లేచింది. ఫ్రిజ్ తలుపు తీస్తే ఆయన బోర్లా పడ్డాడు.

వారం తిరక్కుండా బ్యాంకువాళ్లు ఆమెకి శాలువా కప్పి, చట్రం కట్టిన ప్రశంసాపత్రం ఇచ్చారు. దాన్ని తగిలించడానికీ మేకు లేదు కాబట్టి అది కూడా ఫ్రిజ్ మీదికే ఎక్కింది. మంగళ, శుక్రవారాలు శాఖకి వచ్చి మిగతా దరఖాస్తుదారులకి ఆదర్శంగా కూర్చోవలసిందని మేనేజరు సోమశేఖరం కోరాడు. మనసు మెత్తబడితే ఫైలు మళ్లీ తెరుస్తారేమోనన్న ఆశతో ఆమె వెళ్లింది. అప్పటికి పౌర్ణమి ఇంకా నాలుగు వారాలుంది.

ఆమె ఎవర్నీ భయపెట్టాలనుకోలేదు. పక్కన కూర్చున్నవాళ్లని మామూలుగా పలకరించేది. కొత్తగా పెళ్లయిన జంట వస్తే, మీ ఇద్దరిలో ఎవరి ఉద్యోగం ముందు పోయేలా ఉందమ్మా అని ఆప్యాయంగా అడిగింది. మంచినీళ్లు తాగి వాళ్లు వెళ్లిపోయారు. మూడో అంతస్తులో ఫ్లాటు కొంటున్న రిటైర్డు హెడ్మాస్టరుగారిని మోకాళ్ల గురించి ఒక్కమాట అడిగింది. ఆయన కాగితాలు అక్కడే వదిలేశాడు. ఆమె ఉందని తెలిసి మెట్లదాకా వచ్చి వెనక్కి మళ్లినవాళ్ల లెక్క ఎవరి దగ్గరా లేదు. మూడు వారాల్లో శాఖలో ఒక్క రూపాయి అప్పు పుట్టలేదు.

అప్పు లేదు కాబట్టి ఎగవేతా లేదు. మొండిబకాయిల అదుపులో జిల్లాలో ప్రథమస్థానం అని బ్యాంకు ముందు బ్యానరు కట్టారు. సోమశేఖరం టీ, బిస్కట్లు తెప్పించి ఉపన్యసించాడు. రుణమే లేనిచోట ఎగవేతకు ఆస్కారమెక్కడిదన్న సూక్ష్మమును గ్రహించిన తొలి శాఖ మనదేనని ఆయన అంటే అందరూ చప్పట్లు కొట్టారు. మంగతాయారు కూడా కొట్టింది. కొట్టి, మా ఫైలు సంగతేమిటి బాబూ అంది. సంపూర్ణమైపోయిన దాన్ని తెరవరాదన్నారు.

పౌర్ణమి ఇక ఆరు రోజులుందనగా బిల్డరు ఫోన్ చేశాడు. సామర్లకోటవాళ్లెవరో రొక్కంతో సిద్ధంగా ఉన్నారట. ఇంకా నవ్వుతూనే చెప్పాడు.

ఆ పూట మంగతాయారు ప్రసూనని కూర్చోబెట్టి ఇంకో లెక్క వేయించింది. ఇప్పుడు అద్దె పదకొండువేలు. ఏటా పదిశాతం పెంచుకోవచ్చని అదే ఒప్పందంలో ఉంది. ఇరవై అయిదేళ్లకి ఎంతవుతుంది? ప్రసూన ఫోనులో వేస్తూ వేస్తూ నోరు తెరిచింది. కోటీ ముప్పై లక్షలు. చివరికి చేతికొచ్చేది ఇంటాయన తిరిగిచ్చే రెండు నెలల అడ్వాన్సు, అదీ సున్నం ఖర్చు కోసుకుని. ఇన్నాళ్లూ అప్పు వైపునుంచే భయపడిన మంగతాయారుకి, అప్పు లేకపోవడం వైపునుంచి కూడా అంతే వెడల్పు భయం ఉందని అప్పుడు కనిపించింది. ఆ లెక్క కాగితం మీద రాయించుకుని, ఆటో కట్టించుకుని బ్యాంకుకి వెళ్లింది.

త్రినాథరావు కాగితం చూసి, రుణము తీసుకొనకపోవుట వలన కలుగు ఖర్చు తమ పరిధిలోకి రాదని తిప్పి ఇచ్చేశాడు. ఆమె లేచి వెళ్లబోయి ఆగింది. హాలంతా ఖాళీగా ఉంది. కౌంటర్ల వెనక తొమ్మిదిమంది ఖాళీ కుర్చీల్ని చూస్తూ కూర్చున్నారు. మనసులో భయం పుడితే బయట పెట్టకుండా ఉండలేని మనిషి.

"ఒక్కమాట బాబూ. ఇక్కడ ఎవరూ అప్పు తీసుకోవడం లేదు కదా. మరి మీ జీతాలు ఎక్కణ్ణుంచి వస్తాయి?"

ఆమె నిజంగానే వాళ్లకోసం కంగారు పడింది. డబ్బు దాచుకున్నవాళ్లకి వడ్డీ ఎవరిస్తారని అడిగింది. ఈ బిల్డింగుకి అద్దె ఎంతని అడిగింది. శాఖ ఎత్తేస్తే ఎక్కడికి వేస్తారు, మన్యంలో వేస్తే దోమలకి మందు తీసుకెళ్లాలి, పిల్లల చదువులేమవుతాయి మరి. నీకూ ఇంటి అప్పుందా, ఇంకా ఎన్నేళ్లు నాయనా అని త్రినాథరావుని అడిగింది.

మర్నాడు త్రినాథరావు క్యారియరు మూత తీయకుండానే ఇంటికి పోయింది. సోమశేఖరం కళ్లకింద నలుపు తేలింది. ఆ రెండు రోజులూ ఆయన తన గదిలో గోడవైపు చూస్తూ కూర్చున్నాడు. క్యాషియరు నోట్లు లెక్కపెడుతూ మధ్యలో ఆపి, ఎందుకొచ్చిన గొడవ అని పైకే అనేశాడు. అనుబంధం 'గ' ప్రకారం శాఖ మొత్తానికి అవగాహన కలిగింది.

మూడోనాడు పై ఆఫీసునుంచి ఉత్తరం వచ్చింది. మొండిబకాయిలను నిర్మూలించినందుకు శాఖను మనసారా అభినందిస్తున్నాము. శాఖలో వ్యాపారమే లేనందున వచ్చే నెలలో మూసివేయ నిశ్చయించితిమి. సిబ్బందిని అవకాశమును బట్టి సర్దుబాటు చేయగలము. వారంలోగా ఒక్క రుణమైనను మంజూరైనచో పునఃపరిశీలించగలము.

సోమశేఖరం కారు పంపించాడు. మంగతాయారు, కారుకి బ్రేకులు చూపించుకున్నాక, ఎక్కింది.

ఇబ్బందల్లా ఆ నూటికి నూరే. అర్థమైనవారికి అప్పు లేదు, అర్థం కానివారికీ లేదు. రాత్రంతా సర్క్యులరు చదివిన త్రినాథరావు ముప్పై ఎనిమిదో పేజీలో ఒక సందు పట్టుకొచ్చాడు. ముమ్మారు వివరించినను అర్థము కానివారు అవగాహనకు అతీతులుగా పరిగణింపబడుదురు. అట్టివారికి రుణము ఇవ్వవచ్చును. ఆ నిబంధన డైరెక్టర్ల బంధువుల కోసం పెట్టారని బ్యాంకులో అందరికీ తెలుసు, కాకపోతే పేర్లు వేయడం మరిచిపోయారు.

ఆమె ఎదట త్రినాథరావు కూర్చున్నాడు. సాక్షిగా సోమశేఖరం. వెనక శేషుబాబు, ప్రసూన. ముప్పై లక్షలకి డెబ్బై అయిదున్నర లక్షలు కట్టాలమ్మా, అర్థమైందా అని ఆయన అడిగాడు.

అబద్ధమాడితే జ్వరం. ఆఫీసరు ముందు ఆడితే జైలు. ఆమెకి రెండూ కళ్లముందు కనిపించాయి. వాటి వెనక ఫ్రిజ్ మీదనుంచి పడబోతున్న మనిషి కూడా కనిపించాడు.

"అర్థం కాలేదు బాబూ" అంది. జ్వరం వచ్చిందేమోనని వెనక్కి తిరిగి కొడుకు వైపు చూసింది.

వడ్డీ పెరిగితే యాభై ఏళ్లు పట్టొచ్చని రెండోసారి చెప్పాడు. అర్థం కాలేదంది. ఈసారి కాస్త తేలిగ్గా వచ్చింది. కట్టలేకపోతే ఇల్లు వేలం వేస్తామని మూడోసారి, తలొంచుకుని, చెప్పాడు.

"ఏడో తరగతి చదివినదాన్ని. మీ మాటలు నాకెక్కడ తెలుస్తాయి నాయనా."

శాలువా వాపసు తీసుకున్నారు. ప్రశంసాపత్రం రద్దయింది. ముప్పై లక్షలు ఇరవై నిమిషాల్లో మంజూరయ్యాయి. పౌర్ణమి ఇంకా రెండు రోజులుంది. బ్యాంకు కాగితం చూసి బిల్డరు మొదటిసారిగా నవ్వు మానేశాడు.

మరుసటి నెలలో గృహప్రవేశం. పాలు పొంగాయి. గోడ కూలుతుందేమో మెల్లగా అంటూ మంగతాయారు పక్కన నిలబడితే శేషుబాబు హాల్లో మేకు కొట్టాడు. గోడ కూలలేదు. ఆరేళ్ల తర్వాత ఆయన నిటారుగా, ఎవరు తలుపు తీసినా కదలకుండా, గోడమీద నిలబడ్డాడు. మంగతాయారు ఆ మేకుని రెండుసార్లు లాగి చూసింది.

భోజనాల వేళకి త్రినాథరావు వచ్చాడు. శాఖ నిలబడింది, ఆయన బదిలీ తప్పింది. మొదటి కిస్తీ రసీదు చేతికిచ్చాడు. అందులో వడ్డీకి ఇరవై రెండువేల అయిదువందలు, అసలుకి రెండువేల ఆరువందల డెబ్బై ఆరు. మంగతాయారు ఆ రసీదూ, కాళ్లకింది టైలూ మార్చి మార్చి చూసి, ఈ లెక్కన ఒక్క టైలు మనదవడానికి ఆరు నెలలు పడుతుందని ఎవరికీ చెప్పకుండా తెలుసుకుంది. రసీదు మడిచి బొడ్లో దోపుకుని ఆయనకి కాజాల పళ్లెం తెచ్చిపెట్టింది.

త్రినాథరావు చుట్టూ చూసి గొంతు తగ్గించాడు.

"అమ్మగారూ, ఇప్పుడు ఫైలేమీ లేదు కాబట్టి అడుగుతున్నాను. ఆ రోజు నిజంగానే అర్థం కాలేదాండీ?"

"ఆ సంగతి తర్వాత. ముందు నువ్వు కాజా తిను బాబూ. తినబుద్ధయిందంటే నీకూ ఇంకా అర్థం కాలేదన్నమాట."

కాజా ఆయన నోటిదాకా వెళ్లి ఆగింది. పాకం బొటనవేలి మీదికి కారింది. కాసేపు మేకు వైపు చూశాడు. ఆ తర్వాత తినేసి, పళ్లెంలోంచి ఇంకొకటి తీసుకున్నాడు.